బూమింగ్ బ్లేడ్ తగిలితే అది కత్తి దెబ్బా, మంత్రం దెబ్బా? నిన్న నేనిచ్చిన తీర్పు తప్పేమో చెప్పండి

ఆదివారం_డీఎం, హైదరాబాద్

అందరికీ నమస్తే. మేం ఆరుగురం డన్జన్స్ అండ్ డ్రాగన్స్ (పాచికలు వేస్తూ పాత్రలతో కథ నడిపించే ఆట) ఐదో ఎడిషన్ ఆడుతున్నాం, 2014 రూల్స్‌తో. ఏడాదిన్నరగా నేనే డీఎం, అంటే కథ నడిపి తీర్పులిచ్చేవాణ్ణి. నిన్న నేనిచ్చిన ఒక తీర్పు తర్వాత పార్టీలో ఒక పాత్ర చనిపోయింది. రాత్రంతా అదే బుర్రలో తిరిగింది, అందుకే ఇక్కడ అడుగుతున్నా.

పార్టీ ఐదో లెవెల్‌లో ఉంది. ఇరుకైన వంతెన, అవతలి కొసన హాబ్‌గోబ్లిన్ కెప్టెన్. మా రోగ్ (దొంగ పాత్ర) అతని కాళ్ల దగ్గర స్పృహ లేకుండా పడి ఉంది. డెత్ సేవ్స్‌లో (ప్రాణం నిలుస్తుందో లేదో తేల్చే పాచికల్లో) అప్పటికే రెండు ఫెయిల్, మూడోది పడితే చావే. అప్పుడు పాలడిన్ (మంత్రాలు తెలిసిన యోధుడు) వంతు వచ్చింది. అతను హై ఎల్ఫ్, ఆ జాతికి వచ్చే విజర్డ్ క్యాన్‌ట్రిప్‌గా (ఎన్నిసార్లయినా వేయగల చిన్న మంత్రంగా) బూమింగ్ బ్లేడ్ తీసుకున్నాడు. ఆయుధంతో కొట్టే దెబ్బకి ఉరుము డ్యామేజ్ కలిపే మంత్రం అది. కుడిచేతిలో లాంగ్‌సోర్డ్, ఎడమచేతిలో షీల్డ్.

"బూమింగ్ బ్లేడ్ వేస్తున్నా. తగిలితే స్మైట్ కూడా. ఎక్స్‌ట్రా అటాక్ ఉంది కాబట్టి రెండో దెబ్బ కూడా బూమింగ్ బ్లేడే" అన్నాడు. స్మైట్ అంటే, తగిలిన దెబ్బకి ఒక స్పెల్ స్లాట్ (మంత్రాలకి లెక్కగా దొరికే శక్తి) ఖర్చుపెట్టి అదనపు డ్యామేజ్ కలపడం. పాచిక 18 పడింది. కత్తి డైస్ మీద 3, స్ట్రెంగ్త్ 4, ఉరుము డ్యామేజ్ 4, మొత్తం 11. కెప్టెన్‌కి 17 హిట్ పాయింట్లు (ప్రాణబలం) ఉండేవి, 6 మిగిలాయి.

అక్కడ నేను ఆపాను. "ఇది మంత్రం, రెండోసారి కుదరదు. మంత్రం కాబట్టి స్మైట్ కూడా కుదరదు" అన్నాను. తర్వాత కెప్టెన్ వంతులో కింద పడి ఉన్న రోగ్‌ని కొట్టాడు, అంతే. ఆ పాత్ర రెండో సెషన్ నుంచీ మాతో ఉంది.

నేను చెప్పినవి రెండూ సరైనవేనా?

ఇరవై_ముఖాలు, విశాఖ

ఒకటి సరైనది, ఒకటి తప్పు. మెత్తగా చెప్పాలని ఉంది కానీ విషయం అదే.

ఎక్స్‌ట్రా అటాక్ వాక్యం తీసి నెమ్మదిగా చదవండి. మీ వంతులో "అటాక్ యాక్షన్" తీసుకుంటేనే ఒకటికి బదులు రెండుసార్లు దాడి చేయొచ్చు అని ఉంటుంది. బూమింగ్ బ్లేడ్‌కి మీరు తీసుకునేది అటాక్ యాక్షన్ కాదు, మంత్రం వేసే యాక్షన్. ఆ మంత్రంలో భాగంగా ఒక్క దెబ్బ వస్తుంది. కాబట్టి రెండో దెబ్బ లేదు, మీరు ఆపడం సబబే.

ఇక స్మైట్. 2014 పాలడిన్‌కి ఉన్న షరతు "మెలీ వెపన్ అటాక్ (దగ్గరినుంచి ఆయుధంతో చేసే దాడి) తగిలినప్పుడు" అన్నదొక్కటే. అది ఏ యాక్షన్ వల్ల వచ్చిందో అడగదు. బూమింగ్ బ్లేడ్ మాటల్లోనే "చేతిలోని ఆయుధంతో మెలీ అటాక్ చేయాలి" అని ఉంది. మీ పాలడిన్ ఆ 18కి ఏం కలిపాడు? స్ట్రెంగ్త్, ప్రొఫిషియెన్సీ. అంటే కొట్టింది కత్తే. స్మైట్ చెల్లుతుంది.

నీలికత్తి, విజయవాడ

నేను ఒప్పుకోను అన్నా. మంత్రం వేస్తేనే కదా ఆ దాడి పుట్టింది? మంత్రం లేకపోతే దాడే లేదు. అలాంటప్పుడు అది స్పెల్ అటాక్ ఎందుకు కాదు? మా టేబుల్‌లో మేం మొదటినుంచీ స్పెల్ అటాక్‌గానే లెక్కేస్తున్నాం. పైగా స్పిరిచ్యువల్ వెపన్ అన్న మంత్రం పేరులోనే వెపన్ ఉంది, దానికి స్మైట్ చేయనివ్వరు కదా!

ఇరవై_ముఖాలు, విశాఖ

స్పిరిచ్యువల్ వెపన్ ఎత్తావు కాబట్టి దాంతోనే చెప్తా తమ్ముడూ. ఆ మంత్రం వివరణలో "మెలీ స్పెల్ అటాక్ చేయాలి" అని విడమరచి రాశారు. గాల్లో తేలే సుత్తి కనిపిస్తుంది, పేరులో వెపన్ ఉంది, అయినా అది స్పెల్ అటాకే. టు హిట్‌కి (తగిలిందా అని వేసే పాచికకి) క్లెరిక్ (పూజారి పాత్ర) విజ్డమ్ కలుస్తుంది. అందుకే దానికి స్మైట్ లేదు, స్నీక్ అటాక్ (రోగ్‌ల దొంగదెబ్బ) లేదు. బూమింగ్ బ్లేడ్‌లో "స్పెల్ అటాక్" అన్న మాటే రాదు. మంత్రం పేరు చూసి కాదు, దాని లోపల ఏ మాట వాడారో చూసి తేల్చాలి.

నేను మా టేబుల్‌లో కొత్తవాళ్లకి రెండే ప్రశ్నలు నేర్పిస్తా. ఈ దెబ్బ ఏ గుమ్మంలోంచి వచ్చింది? అంటే అటాక్ యాక్షనా, మంత్రమా, బోనస్ యాక్షనా (వంతులో చేసే చిన్న అదనపు పని), రియాక్షనా (జరిగినదానికి వెంటనే చేసే స్పందన). రెండోది, ఈ దెబ్బ దేంతో తగిలింది? ఆయుధంతోనా, మంత్రంతోనా. ఎక్స్‌ట్రా అటాక్ మొదటి ప్రశ్న అడుగుతుంది. స్మైట్, స్నీక్ అటాక్ రెండోది అడుగుతాయి. ఈ రెండు ప్రశ్నల్నీ కలిపి ఒకటే అనుకోవడం వల్లే ఇలాంటి గొడవల్లో సగం వస్తాయి.

హెక్స్, హంటర్స్ మార్క్ అన్న రెండు మంత్రాలు పక్కపక్కన పెట్టి చూడు. 2014లో హెక్స్‌కి "దాడి తగిలితే" చాలు, అందుకే ఎల్‌డ్రిచ్ బ్లాస్ట్ మంత్రం ప్రతి కిరణానికీ 1డి6 (ఆరు ముఖాల పాచిక ఒకటి) కలుస్తుంది. హంటర్స్ మార్క్‌కి "వెపన్ అటాక్" తగలాలి. ఒక్క మాట తేడాతో ఒకటి మంత్రాలకి పనిచేస్తుంది, ఇంకోటి చేయదు.

నీలికత్తి, విజయవాడ

హెక్స్ ఉదాహరణతో అర్థమైంది. మా వార్లాక్ వారం వారం హెక్స్ వేస్తుంటాడు, ఆ తేడా ఎప్పుడూ గమనించలేదు. స్మైట్ విషయంలో వెనక్కి తగ్గుతున్నా అన్నా.

పాచికల_లెక్క, డల్లాస్

పాలడిన్ ఆ క్షణంలో ఎంచుకున్నది మంచి ఎత్తేనా అన్నది కూడా చూద్దాం, ఎందుకంటే డీఎం తీర్పు ఒక్కటే ఇక్కడ పనిచేయలేదు.

కెప్టెన్ ఏసీ (దెబ్బ తగలాలంటే అందుకోవాల్సిన అంకె) 17. ఐదో లెవెల్, స్ట్రెంగ్త్ 18 అంటే పాలడిన్‌కి +7. పాచిక మీద 10 లేదా ఆపైన పడాలి, అంటే 55 శాతం. బూమింగ్ బ్లేడ్‌తో ఒకటే అవకాశం. మామూలు అటాక్ యాక్షన్ తీసుకుంటే రెండు అవకాశాలు, కనీసం ఒకటి తగిలే వీలు 80 శాతం దాకా వెళ్తుంది. స్మైట్ చేయాలనుకున్నవాడికి కావాల్సింది కనీసం ఒక దెబ్బ తగలడమే.

డ్యామేజ్ సగటు చూసినా అంతే. రెండు కత్తి దెబ్బలు తగిలితే 17. బూమింగ్ బ్లేడ్ తగిలితే 13, ఆ తర్వాత శత్రువు తన ఇష్టంతో ఐదు అడుగులు కదిలితే ఇంకో 9. కెప్టెన్ కాళ్ల దగ్గరే రోగ్ పడి ఉంది, అతను కదలాల్సిన పనే లేదు. కాబట్టి ఎక్స్‌ట్రా అటాక్ ఉన్న పాలడిన్‌కి ఆ వంతులో మామూలు కత్తే మేలు.

ఈ క్యాన్‌ట్రిప్ నిజంగా కలిసొచ్చేది రోగ్‌కి. వాళ్లకి ఎక్స్‌ట్రా అటాక్ లేదు కాబట్టి వదులుకునేది ఏమీ లేదు. ఐదో లెవెల్ రోగ్ రేపియర్‌తో బూమింగ్ బ్లేడ్ వేసి స్నీక్ అటాక్ కలిపితే సగటు 23.5. కొట్టి, కన్నింగ్ యాక్షన్‌తో డిసెంగేజ్ అయి (ఎదురుదెబ్బ పడకుండా తప్పుకుని) వెనక్కి జరిగితే, వెంటపడేవాడికి 2డి8 ఉరుము.

కానీ ఇంకో లెక్క చెప్పకుండా ఉండలేను. కెప్టెన్‌కి 6 మిగిలాయి అన్నారు. మొదటి లెవెల్ స్లాట్‌తో స్మైట్ అంటే 2డి8. రెండు డైస్ కలిపి 6 లేదా ఎక్కువ పడే వీలు 64లో 54. అంటే 84 శాతం.

ఆదివారం_డీఎం, హైదరాబాద్

64లో 54 అని చదవగానే గుండె జారిపోయింది. పాలడిన్ ఆటగాడు నాతో ఒక్క మాట వాదించలేదు. పుస్తకం మూసేసి "సరే అన్నా, నువ్వు డీఎంవి" అన్నాడంతే. అతను గట్టిగా వాదించి ఉంటే నేను పేజీ తీసి చూసేవాణ్ణేమో.

ఇంకో చిన్న సందేహం. అదే ఫైట్‌లో అంతకుముందు పాలడిన్ రోగ్‌కి క్యూర్ వూండ్స్ (గాయాలు మాన్పే మంత్రం) వేస్తానన్నాడు. రెండు చేతులూ ఖాళీ లేవని అది కూడా నేనే ఆపాను.

కవచం_అక్క, హన్మకొండ

చేతుల సంగతి నాకు వదిలేయండి, ఎనిమిదేళ్లుగా క్లెరిక్ తప్ప వేరేది ఆడలేదు.

పుస్తకం ప్రకారం మీరు చెప్పింది సరే. క్యూర్ వూండ్స్‌కి మాట, సైగ రెండూ కావాలి, వస్తువు అక్కర్లేదు. సైగ చేయడానికి ఒక చెయ్యి ఖాళీగా ఉండాలి. ఒక చేతిలో కత్తి, ఇంకో చేతిలో షీల్డ్ ఉంటే కుదరదు. అదే బ్లెస్ మంత్రం అయితే మాట, సైగ, వస్తువు మూడూ కావాలి. షీల్డ్ మీద దేవుడి గుర్తు చెక్కి ఉంటే ఆ గుర్తే వస్తువుకి బదులవుతుంది, ఆ గుర్తు పట్టుకున్న చేత్తోనే సైగ కూడా అయిపోతుంది. కాబట్టి అదే కత్తి, అదే షీల్డ్ పట్టుకుని బ్లెస్ వేయొచ్చు, క్యూర్ వూండ్స్ వేయలేరు. మొదటిసారి చదివినప్పుడు నాకూ తల తిరిగింది.

దారి లేకపోలేదు. కత్తి చేతిలోంచి జారవిడవడానికి యాక్షన్ ఖర్చు కాదు. జారవిడిచి, క్యూర్ వూండ్స్ వేసి, ప్రతి వంతులో ఉచితంగా దొరికే ఒక వస్తువు పనితో కత్తి మళ్లీ తీసుకోవచ్చు. ఒక్క ఇబ్బంది ఏంటంటే అది మీ వంతులోనే కుదురుతుంది. రియాక్షన్‌గా వేసే షీల్డ్ మంత్రానికి ఈ పద్ధతి పనికిరాదు. ఎల్‌డ్రిచ్ నైట్‌లు (మంత్రాలు తెలిసిన ఫైటర్లు) షీల్డ్ పట్టుకుని షీల్డ్ మంత్రం వేయలేక అవస్థపడేది అందుకే. వాళ్లు వార్ కాస్టర్ అన్న ఫీట్ (అదనపు నైపుణ్యం) తీసుకుంటే చేతులు నిండుగా ఉన్నా సైగ చేయొచ్చు.

మీరు పుస్తకం ప్రకారం ఆపారు సరే, కానీ ఆపేటప్పుడు "కత్తి జారవిడిస్తే వేయొచ్చు" అని ఒక్క మాట చెప్పి ఉండాల్సింది. పాలడిన్‌కి చిన్నప్పటినుంచీ కత్తి పట్టడం తెలుసు, ఆ సంగతి ఆ పాత్రకి తెలియకుండా ఉండదు. ఆటగాడికి తెలియకపోతే గుర్తుచేయడం డీఎం పని.

కొత్తగా_వచ్చా, గుంటూరు

మధ్యలో దూరుతున్నందుకు క్షమించండి. మరి బూమింగ్ బ్లేడ్‌కి చెయ్యి ఖాళీ అక్కర్లేదా? ఇంకోటి, షాడో బ్లేడ్ మంత్రంతో వచ్చిన కత్తితో బూమింగ్ బ్లేడ్ వేయొచ్చా? 2డి8 సైకిక్‌కి ఉరుము కూడా కలిస్తే బాగుంటుంది కదా అని.

కవచం_అక్క, హన్మకొండ

క్షమాపణ ఎందుకమ్మా, అడగడానికే కదా ఈ చోటు. బూమింగ్ బ్లేడ్‌కి చేతిలోని ఆయుధమే వస్తువు. బ్లెస్‌కి చెప్పిన లెక్కే, ఆయుధం పట్టిన చేత్తోనే సైగ అయిపోతుంది. ఖాళీ చెయ్యి అక్కర్లేదు.

షాడో బ్లేడ్ సంగతి కొంచెం మెలిక. బూమింగ్ బ్లేడ్ 2015లో మొదట అచ్చయినప్పుడు వస్తువు దగ్గర "ఒక ఆయుధం" అనే ఉండేది, నువ్వన్నట్టు కలిపేవాళ్లు. 2020లో సవరించి "కనీసం ఒక వెండి నాణెం విలువ చేసే మెలీ ఆయుధం" అని మార్చారు. నీడతో చేసిన కత్తికి ధర ఉండదు. కాబట్టి కొత్త అచ్చు ప్రకారం కుదరదు. చాలామంది డీఎంలు ఇప్పటికీ ఒప్పుకుంటారు, నేనూ ఒప్పుకుంటా. షాడో బ్లేడ్‌కి కాన్సంట్రేషన్ కావాలి, దెబ్బ తిన్నప్పుడల్లా పోయే ప్రమాదం ఉంది, ఆ రిస్క్ తీసుకున్నవాళ్లకి ఆ మాత్రం దక్కాలి. ముందే మీ డీఎంని అడుగు, ఫైట్ మధ్యలో కాదు.

ఇరవై_ముఖాలు, విశాఖ

అక్క చెప్పిన 2020 సవరణలోనే రేంజ్ కూడా ఐదు అడుగుల నుంచి "సెల్ఫ్"కి మారింది. దాంతో సోర్సరర్ల ట్విన్డ్ స్పెల్ (ఒకే మంత్రాన్ని ఇద్దరి మీద వేయడం) పోయింది, రేంజ్ సెల్ఫ్ ఉన్న మంత్రానికి అది పట్టదు కాబట్టి. వార్ కాస్టర్‌తో ఆపర్చునిటీ అటాక్ (దూరం జరగబోయేవాడి మీద వేసే దెబ్బ) బదులు వేయొచ్చా అన్న వాదన అక్కడే మొదలైంది. నా ఉద్దేశంలో వేయొచ్చు, దెబ్బ పడేది ఒక్క ప్రాణి మీదే కదా. పారిపోబోతున్నవాడికి బూమింగ్ బ్లేడ్ తగిలితే, ఆగిపోవాలా లేక ఉరుము తినాలా అని వాడే తేల్చుకోవాలి. టేబుల్‌లో అందరూ ఒక్క క్షణం ఊపిరి బిగబట్టి చూసే ఘట్టం అది.

హేస్ట్ మంత్రం గురించి కూడా. హేస్ట్ ఇచ్చే అదనపు యాక్షన్‌తో ఒక్క వెపన్ అటాక్ చేయొచ్చు, మంత్రం వేయకూడదు. అయితే మామూలు యాక్షన్‌తో బూమింగ్ బ్లేడ్, హేస్ట్ యాక్షన్‌తో ఇంకో కత్తి దెబ్బ వేయడంలో తప్పేం లేదు.

పాత_పుస్తకాలు, బెంగళూరు

కత్తినీ మంత్రాన్నీ ఒకే వంతులో కలపాలన్న కోరిక ఈ ఎడిషన్‌తో మొదలైంది కాదు. బూమింగ్ బ్లేడ్, గ్రీన్ ఫ్లేమ్ బ్లేడ్ పేర్లు నాలుగో ఎడిషన్‌లోనే, 2008లో వచ్చిన సోర్డ్‌మేజ్ క్లాస్‌కి ఉండేవి. నాకైతే అన్నిటికన్నా ఇష్టం పాత్‌ఫైండర్ అనే ఇంకో ఆటలో 2011లో వచ్చిన మేగస్ క్లాస్. చేత్తో తాకి వేయాల్సిన మంత్రాన్ని కత్తి మొనలోంచి పంపిస్తాడు, దాని పేరు స్పెల్‌స్ట్రైక్. కత్తికి 18 నుంచి 20 వరకూ క్రిటికల్ (డ్యామేజ్ పెరిగే గట్టి దెబ్బ) ఉంటే, ఆ మంత్రానికీ అదే వర్తిస్తుంది. షాకింగ్ గ్రాస్ప్‌ని సిమిటార్‌లోంచి వదిలి క్రిటికల్ పడినప్పుడు గుప్పిట నిండా డైస్ పోయడంలో ఉన్న ఆనందం నాకు వేరే ఏ క్లాస్‌లోనూ దొరకలేదు.

పాత్‌ఫైండర్ రెండో ఎడిషన్‌లో దీన్ని ఇంకా శుభ్రంగా రాశారు. వంతుకి మూడు యాక్షన్లు ఉంటాయి. స్పెల్‌స్ట్రైక్‌కి రెండు పోతాయి, మళ్లీ వాడాలంటే ఇంకోటి పెట్టి రీఛార్జ్ చేసుకోవాలి. కత్తికీ మంత్రానికీ ఒకే రోల్. ఐదో ఎడిషన్‌లో ఇంత తకరారు రావడానికి కారణం, కలిపే పద్ధతిని ఒక్కచోట కాకుండా క్లాస్‌కి ఒకటి చొప్పున ముక్కలుగా రాయడం. ఎల్‌డ్రిచ్ నైట్‌కి ఏడో లెవెల్‌లో క్యాన్‌ట్రిప్ వేశాక బోనస్ యాక్షన్‌తో ఒక దెబ్బ. 2020 బ్లేడ్‌సింగర్‌కి (కత్తి పట్టే విజర్డ్) రెండు దాడుల్లో ఒకదాని బదులు క్యాన్‌ట్రిప్. పాలడిన్‌కి ఏమీ లేదు. మీ ఆటగాడు బ్లేడ్‌సింగర్‌ని ఎక్కడో చూసి తనకీ ఉందనుకుని ఉంటాడు.

కొత్త_అచ్చు, సింగపూర్

2024 పుస్తకాలకి మారాలనుకునేవాళ్లు ఒకటి గమనించండి, అందులో డివైన్ స్మైట్ స్వయంగా మంత్రమైపోయింది. దెబ్బ తగిలిన వెంటనే బోనస్ యాక్షన్‌గా వేయాలి. కాబట్టి వంతుకి ఒక్కటే. మాట పలకాలి కాబట్టి సైలెన్స్‌లో (శబ్దాన్ని ఆపే మంత్రం) కుదరదు, కౌంటర్‌స్పెల్ (ఇంకొకరి మంత్రాన్ని ఆపే మంత్రం) కూడా పడొచ్చు. ఒక వంతులో స్పెల్ స్లాట్ ఒక్కసారే ఖర్చు చేయాలన్న రూల్ వచ్చింది, అయితే క్యాన్‌ట్రిప్‌కి స్లాట్ అక్కర్లేదు కాబట్టి బూమింగ్ బ్లేడ్ తర్వాత స్మైట్‌కి అక్కడా అడ్డు లేదు. ట్రూ స్ట్రైక్ కూడా మారింది, ఇప్పుడు ఆయుధంతోనే కొట్టాలి, కాకపోతే స్ట్రెంగ్త్ బదులు మంత్రాలకి వాడే ఎబిలిటీ కలుపుకోవచ్చు.

డీఎం గారూ, రూల్ సంగతి తేలిపోయింది. రోగ్ సంగతి ఏం చేస్తారు? నా అభిప్రాయం, టేబుల్‌లో ఇచ్చిన తీర్పు ఆ రోజుకి ఖాయం. వెనక్కి తిప్పడం మొదలుపెడితే ప్రతి చావుకీ అప్పీలు వస్తుంది.

పాచికల_లెక్క, డల్లాస్

నేను ఒప్పుకోలేను. పాచిక వల్ల చనిపోతే ఖాయం. ఇక్కడ పాచిక వేయనివ్వలేదు. అది వేరు.

కవచం_అక్క, హన్మకొండ

మనం తేల్చేది కాదు ఇది. ఆ రోగ్ ఆడిన అమ్మాయిని అడగండి. పాత్ర ఆమెది. గ్రూపులో మెసేజ్ పెట్టకండి, ఫోన్ చేసి మాట్లాడండి.

ఆదివారం_డీఎం, హైదరాబాద్

వారం తర్వాత రాస్తున్నా. అక్క చెప్పినట్టే ముందు ఆమెకి ఫోన్ చేశాను. తప్పు నాదని, స్మైట్ చెల్లాల్సిందని చెప్పాను. కాసేపు ఏమీ మాట్లాడలేదు. తర్వాత "నన్ను ఊరికే బతికించొద్దు అన్నా. వాడు వేయాల్సిన డైస్ వేయనివ్వు, ఏది పడితే అది" అంది. పాలడిన్ ఆటగాడికీ ఫోన్ చేసి సారీ చెప్పాను.

ఈ ఆదివారం మ్యాప్ మళ్లీ పరిచాం. బొమ్మలన్నీ అదే చోట పెట్టాం, కెప్టెన్ 6 హిట్ పాయింట్లతో. పాలడిన్‌కి రెండో లెవెల్ స్లాట్లు అంతకుముందే అయిపోయాయి, మొదటి లెవెల్‌వే ఉన్నాయి. కాబట్టి 2డి8. వేసేముందు రెండు డైస్‌నీ ఆమె చేతికిచ్చాడు. ఆమె ఒకసారి గుప్పిట బిగించి తిరిగి ఇచ్చేసింది.

3 పడింది, 1 పడింది. కెప్టెన్ 2 దగ్గర నిలబడ్డాడు.

ఎవరం ఏమీ అనలేదు. ఆమే తన పాత్ర కాగితం మడిచి బ్యాగులో పెట్టుకుంది. "ఇప్పుడు సరే" అంది. ఆ తర్వాత మిగతా నలుగురూ కలిసి ఆ కెప్టెన్‌ని దించి, రోగ్‌ని వంతెన అవతల పూడ్చిపెట్టే ఘట్టానికి గంట సేపు ఇచ్చారు. నా టేబుల్‌లో నేను చూసిన మంచి గంట అది.

ఆమె కొత్త పాత్ర బ్లేడ్‌సింగర్. ఐదో లెవెల్‌లోనే చేరుతోంది. ఆమె అడగమన్న ప్రశ్న ఇది: రెండు దాడుల్లో క్యాన్‌ట్రిప్ మొదటిది అవ్వాలా, రెండోది అవ్వాలా?

ఇరవై_ముఖాలు, విశాఖ

ఏదైనా ఒకటి. ముందు మామూలుగా కొట్టి, తర్వాత బూమింగ్ బ్లేడ్ వేసినా సరే. కాకపోతే ఆమె ఆరో లెవెల్ దాకా ఆగాలి, బ్లేడ్‌సింగర్‌కి ఎక్స్‌ట్రా అటాక్ అప్పుడే వస్తుంది.